గర్భిణులందరికీ హెర్పిస్ రక్తపరీక్ష తప్పనిసరి చేయాలా?

మధుమాలతి:
గర్భం నిర్ధారణ కాగానే హెచ్‌ఐవీ, సిఫిలిస్, హెపటైటిస్ బి పరీక్షలు మారుమాట లేకుండా రాసిస్తారు. కలయికతో అంటుకుని కింది భాగంలో పొక్కులు తెచ్చే వైరస్ హెర్పిస్, దాని దగ్గరికి వచ్చేసరికే ఎందుకు వెనకడుగు? పురిటి బిడ్డకు ఈ వైరస్ ఒళ్లంతా పాకి కాలేయానికీ ఊపిరితిత్తులకూ చేరితే, మందు పడనప్పుడు నూటికి 85 మంది దక్కరు. మందు పడినా దాదాపు 30 మంది పోతారు. పైగా ఈ జబ్బు సోకిన పిల్లల తల్లుల్లో సగానికి మించి తమకు హెర్పిస్ ఉందని తెలియని వాళ్లే. తెలియదు కాబట్టి చెప్పరు, చెప్పరు కాబట్టి డాక్టరు వెతకరు. ఒక్క రక్తపరీక్షతో తెగే ముడి ఇది.

లెక్కల పంతులు:
అంత సులువుగా తెగదండీ. అమెరికాలో ముందస్తు పరీక్షల మీద సలహాలిచ్చే నిపుణుల బృందం 2016లో ఒకసారి, 2023లో మరోసారి, లక్షణాలు లేనివారికి ఈ రక్తపరీక్ష వద్దనే చెప్పింది. అందులో గర్భిణులూ ఉన్నారు. కారణం లెక్కలోనే ఉంది. వందలో 15 మందికి నిజంగా వైరస్ ఉన్నచోట, పాజిటివ్ వచ్చినవాళ్లలో ఇంచుమించు సగం మందికి అది తప్పుడు ఫలితం. ఏ జబ్బూ లేని ఆ ఇంట్లో భార్యాభర్తల మధ్య ఎంత రగడ జరుగుతుందో ఊహించండి.

అసలు చిక్కు మరొకటి. వైరస్ ఎప్పటినుంచో ఉన్న తల్లి రక్తంలో దాన్ని ఎదుర్కొనే యాంటీబాడీలు తయారై ఉంటాయి, అవి బిడ్డకూ చేరుతాయి. అందుకే పాత జబ్బు తిరగబెట్టిన తల్లి నుంచి కాన్పులో బిడ్డకు సోకేది నూటికి రెండు మూడుకు మించదు. నెలలు నిండే వేళ మొదటిసారి అంటుకున్న తల్లి దగ్గరే ప్రమాదమంతా, అక్కడ 30 నుంచి 50 శాతం దాకా ఉంటుంది. ఆ తల్లికి మూడో నెలలో మీరు పరీక్ష చేస్తే ఏమొస్తుంది? నెగెటివ్!

మధుమాలతి:
నెగెటివ్ రావడమూ పనికొచ్చే కబురే కదా, పంతులుగారూ? భర్తకూ చేయించండి. ఆయనకు ఉండి ఆమెకు లేకపోతే చివరి మూడు నెలలు దూరంగా ఉండమని చెప్పవచ్చు. పాత జబ్బు ఉందని తేలినవాళ్లకు 36వ వారం నుంచి మాత్రలిస్తే కాన్పు వేళ పొక్కులు తగ్గుతాయి, వాటివల్ల చేసే సిజేరియన్లూ తగ్గుతాయి.

రాత్రి డ్యూటీ నర్సు:
ఇద్దరూ తల్లి రక్తం దగ్గరే ఆగిపోయారు. నేను బిడ్డ వైపు నుంచి చెబుతాను. కాన్పు సమయంలో గుండె చప్పుడు చూడటానికి కొన్నిసార్లు బిడ్డ నెత్తిమీద చిన్న తీగ గుచ్చుతారు. సరిగ్గా ఆ గుచ్చిన చోట, వారం పది రోజులకు, ఎర్రటి చర్మం మీద ఆవగింజంత నీటి పొక్కులు గుత్తిగా లేస్తాయి. చూసినవాళ్లు చెమటకాయలనుకుంటారు. అలా పైకి కనబడినవాళ్లు అదృష్టవంతులు, ఎందుకంటే జబ్బు చర్మం మీదే ఉండగా మందు పడితే ప్రాణాపాయం దాదాపు ఉండదు. మెదడుకు పాకిన పిల్లల్లో కొందరికి పొక్కే ఉండదు. పాలు సరిగా తాగదు, మగతగా పడుకుంటుంది, ఒళ్లు ఒకసారి వెచ్చగా, ఒకసారి చల్లగా ఉంటుంది, తర్వాత మూర్ఛ. అప్పుడు ప్రాణం దక్కినా ఎదుగుదల దెబ్బతినే పిల్లలే ఎక్కువ.

అందుకే అనుమానం వస్తే వెన్నునీరు వైరస్ జాడ పట్టే పీసీఆర్ పరీక్షకు పంపి, ఫలితం కోసం ఆగకుండా వైరస్‌ను అణచే ఎసైక్లోవిర్ మందు మొదలుపెట్టాలి. కిలోకు 20 మిల్లీగ్రాముల లెక్కన ఎనిమిది గంటలకొకసారి నరానికి, చర్మం మట్టుకే అయితే 14 రోజులు, మెదడుకో లోపలి అవయవాలకో చేరితే కనీసం 21 రోజులు. ఆ తర్వాత ఆరు నెలలు నోటి మందు. తల్లి రిపోర్టులో నెగెటివ్ ఉందన్న ధీమాతో ఎవరైనా ఈ సూది ఒక పూట ఆపుతారేమోనన్నదే నా భయం.

కొత్త తండ్రి:
మధ్యలో ఒక సందేహం. నాకు పెదవి మీద జ్వరం పొక్కు అప్పుడప్పుడు వస్తుంది. అదీ ఇదేనా?

రాత్రి డ్యూటీ నర్సు:
అవును, హెర్పిస్‌లో రెండు రకాలున్నాయి, పెదవి మీదిది ఎక్కువగా ఒకటో రకమే, అది కింది భాగానికీ అంటుకోగలదు. పురిటి హెర్పిస్‌లో పదింట ఒక వంతు పుట్టిన తర్వాత ఇలా అంటుకునేదే. పొక్కు ఎండి రాలిపోయేదాకా ముద్దు పెట్టకండి, చేతులు కడుక్కుని ఎత్తుకోండి. తల్లి పాలకు అడ్డు లేదు, రొమ్ము మీద పొక్కు ఉంటే మాత్రం ఆ వైపు పట్టకూడదు.

లెక్కల పంతులు:
చూశారా, మధుమాలతిగారూ! ఈయన రక్తం పరీక్షిస్తే ఒకటో రకం పాజిటివ్ వస్తుంది. అది పెదవి మీదిదా, కింది భాగానిదా ఆ కాగితం చెప్పదు. ఇక చివరి మూడు నెలల జాగ్రత్త అంటారా, అది పరీక్ష లేకుండానే అందరికీ చెప్పవచ్చు. నోటితో కలయిక కూడా అందులోకే వస్తుందని విడమరచి చెప్పాలి, డాక్టర్లు మొహమాటపడి వదిలేసేది అక్కడే.

మధుమాలతి:
తప్పనిసరి అన్న మాట వరకు వెనక్కి తీసుకుంటాను. కానీ భర్తకు హెర్పిస్ ఉందని తెలిసిన జంటకు కూడా పరీక్ష వద్దంటే ఒప్పుకోను.

లెక్కల పంతులు:
ఆ జంటకు నేనూ వద్దనను.