పారాసూకస్ మోడల్ చేస్తుంటే ఘరియాల్ అయిపోతోంది, ఎక్కడ మార్చాలి?

వేళచ్చేరి_శారద
పాప స్కూల్లో సైన్స్ ఎగ్జిబిషన్. తెలంగాణలో దొరికిన శిలాజం కదా అని పారాసూకస్ (మొసలిలా కనిపించే ప్రాచీన సరీసృపం) ఎంచుకున్నాం. చెన్నై ఈస్ట్ కోస్ట్ రోడ్డు మీది క్రొకడైల్ బ్యాంక్‌లోని ఘరియాల్ (సన్నని పొడవాటి మూతి మొసలి) ఫొటోలు పెట్టుకుని తల మలిచాం. చూసినవాళ్లంతా "ఇది మొసలేగా" అంటున్నారు. పొడవు 50 సెం.మీ., లోపల అల్యూమినియం తీగ, పైన కాగితం గుజ్జు. మూతి ఊరికే విరుగుతోంది, గుజ్జు ఓ పట్టాన ఆరదు. ఏం చేయాలో చెప్పండి.

ఎముకలపెట్టె
కొలత సరిపోయిందండీ. అసలు జంతువు సుమారు 2.5 మీటర్లు, మీది అయిదో వంతు.

తేడా అంతా ముక్కులో ఉంది. ఘరియాల్‌కి ముక్కు రంధ్రాలు మూతి చివర ఉంటాయి. పారాసూకస్‌కి బాగా వెనక్కి, కళ్లకు కాస్త ముందు, పైకి తెరుచుకుని ఉంటాయి. మొసలికి నోటి పైకప్పులో ఎముకతో రెండో అంగిలి ఉంది. నోట్లో నీళ్లున్నా మూతి చివర పీల్చిన గాలి దాని మీదుగా గొంతు దాకా పోతుంది. ఫైటోసార్లకు, అంటే పారాసూకస్ ఉండే గుంపుకు, అలాంటి పూర్తి అంగిలి లేదు. అందుకే ముక్కే గొంతుకు దగ్గరగా జరిగిందని ఒక వివరణ.

నెట్‌లో దొరికే ఫైటోసార్ బొమ్మలు చాలావరకు అమెరికా జాతులవి. వాటి ముక్కు ఇంకా వెనక్కి ఉంటుంది, అవి చూసి పెట్టకండి. కంటి ముందు పుర్రెకు పక్కన ఒక కిటికీ ఉంటుంది. పారాసూకస్ ముక్కు ఆ కిటికీకి ముందు రావాలి.

మూతి కొస కొద్దిగా కిందికి వంచి, అక్కడి పళ్లు కాస్త పెద్దవి పెట్టండి. మగ ఘరియాల్ మూతి మీద ఉండే బుడిపె మీ మోడల్లో ఉంటే చెక్కేయండి.

తీగా_బంకా
మూతి విరగడానికి కారణం తల తీగ, వెన్ను తీగ వేరువేరుగా పెట్టి మెడ దగ్గర కలపడమే అయ్యుంటుంది. తోక కొస నుంచి మూతి కొస దాకా ఒకే తీగ రావాలి. 2 మి.మీ. అల్యూమినియం ఒంటికి చాలు. మూతి వరకు పక్కన సన్నని జీఐ తీగ (జింకు పూత ఇనుప తీగ) చేర్చి, రెండింటినీ దారంతో చుట్టి, పైన ఎమ్‌సీల్ (కలిపితే గట్టిపడే ఎపాక్సీ ముద్ద) పూయండి. ఎమ్‌సీల్ ఎప్పటికప్పుడు కొంచెమే కలుపుకోండి, లేకపోతే చేతిలోనే గట్టిపడుతుంది.

చెన్నై గాలిలో గుజ్జు మందంగా వేస్తే పైన ఆరి లోపల పచ్చిగా ఉండి బూజు పడుతుంది. నీళ్లు గట్టిగా పిండి, ఫెవికాల్, సుద్దపొడి, నాలుగు చుక్కల లవంగ నూనె కలపండి. ఒక్కో పొర 3 మి.మీ. మించొద్దు. అది ఆరాకే తర్వాతిది. ఫ్యాన్ కింద పెట్టండి, ఎండలో పెడితే పగుళ్లొస్తాయి. పొట్టలో థర్మోకోల్ పెట్టుంటే స్ప్రే పెయింట్ నేరుగా కొట్టకండి, కరిగిపోతుంది. పైన గుజ్జు పొర పూర్తిగా కప్పి, పోస్టర్ కలర్లు వాడండి.

వేళచ్చేరి_శారద
మరి ఆ కిటికీ కోసం చెంపకి రంధ్రం చేయాలా?

ఎముకలపెట్టె
వద్దండీ. పుర్రె మోడల్ అయితేనే రంధ్రం. మీది బతికున్న జంతువు కదా, పైన చర్మం ఉంటుంది. వేలితో ఒత్తినట్టు చిన్న పల్లం చాలు. వీపు మీద పలకలు నడుమ నుంచి అటూ ఇటూ జతలుగా రావాలి.

ఇంకోటి, చార్టులో "మొసళ్ల తాత" అని రాయకండి. మొసళ్లు దీని నుంచి రాలేదు. పారాసూకస్ కాలంలో మొసళ్ల అసలు వంశం, అమెరికాలోని అరిజోనాలో శిలాజంగా దొరికిన హెస్పెరోసూకస్‌లాగా, సన్నకాళ్లతో నేల మీద పరుగెత్తే చిన్న జంతువులది. ఫైటోసార్లు ఆ వంశంలోని పక్క కొమ్మా, లేక మొసళ్లూ పక్షులూ విడిపోకముందే చీలిన కొమ్మా అన్నది ఇంకా తేలలేదు. "మొసళ్లకు దూరపు చుట్టం" అంటే ఎవరూ తప్పు పట్టరు.

రాతిపొర
చార్టుకి: పారాసూకస్ హిస్లోపి, పేరు పెట్టింది శిలాజ శాస్త్రవేత్త లైడెక్కర్, 1885. మలేరి ఫార్మేషన్ (అక్కడి రాతిపొరల పేరు), పూర్వపు ఆదిలాబాద్ జిల్లా, ప్రాణహిత–గోదావరి లోయ. ట్రయాసిక్ (డైనోసార్లు మొదలైన కాలం) చివరి భాగం. లైడెక్కర్ ఆధారం చేసుకున్న ముక్కలు చాలవని, 2003లో పూర్తి అస్థిపంజరాన్ని కొత్త ప్రామాణిక నమూనాగా (ఆ పేరుకు ఆధారమైన శిలాజంగా) ఒప్పుకున్నారు. అది కోల్‌కతాలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్‌ది.

శిలాజ శాస్త్రవేత్త శంకర్ ఛటర్జీ 1978లో వర్ణించిన పారాసూకస్ రెండు అస్థిపంజరాలు పక్కపక్కనే దొరికాయి. వాటి పొట్ట భాగంలో మలేరిసారస్ అనే చిన్న సరీసృపం ఎముకలు ఉన్నాయి. కాబట్టి పాప నోట్లో చేపే పెట్టక్కర్లేదు, బల్లిలాంటిదైనా పెట్టొచ్చు... అంటే మోడల్ నోట్లోనండీ! అడుగున నేలకి ఎర్రమట్టి చల్లండి, అక్కడి మట్టిరాయి రంగు అదే. ఒంటి రంగు మాత్రం "ఊహ" అని చిన్న అక్షరాల్లో రాయండి, జడ్జీలు అడిగేది అదే.