చెన్నై సెయింట్ జార్జి కోట: అందులో ఏది ఏ కాలపు కట్టడం?

ప్రశ్న:

గత నెలలో చెన్నై వెళ్ళినప్పుడు తమిళనాడు సచివాలయం, శాసనసభ ఉన్న సెయింట్ జార్జి కోటను చూశాను. 1640లో ఆంగ్లేయులు దీనికి పునాది వేశారని చదివాను గానీ, కందకం, ఏటవాలు గోడలు, పాత చర్చి, వాటి నడుమ పదంతస్తుల ఆఫీసు భవనం కనిపించేసరికి ఏది ఎప్పటిదో పోల్చుకోలేకపోయాను. ఇంకొక సందేహం కూడా ఉంది. 1953లో ఆంధ్ర రాష్ట్ర బిల్లు మీద మద్రాసు శాసనసభలో జరిగిన చర్చను స్వయంగా విన్నానని మా తాతగారు చెప్పేవారు. ఆయన కూర్చున్నది ఈ కోటలోని సభామందిరంలోనేనా? తెలిసినవారు దయచేసి చెప్పండి.

జవాబు 1:

ముందు నేల సంగతి చెబుతాను. చంద్రగిరి రాజుల సామంతుడుగా వందవాసి ప్రాంతాన్ని ఏలిన దామెర్ల వెంకటాద్రి నాయకుడు 1639 ఆగస్టు 22న ఈస్టిండియా కంపెనీకి చెందిన ఫ్రాన్సిస్ డేకు ఇక్కడ కోట కట్టుకోవడానికి అనుమతి ఇచ్చాడు. చెన్నపట్నం అన్న పేరు ఆయన తండ్రి చెన్నప్ప నాయకుడి పేరు మీద వచ్చిందే. ఈ నగరం పుట్టుకలో తెలుగువారి చేయి ఉందన్న మాట పాఠ్యపుస్తకాల్లో ఇంకాస్త గట్టిగా వినిపించాలని నా కోరిక.

1640లో మొదలుపెట్టిన చిన్న కోట ఇప్పుడు లేదు. 1746లో ఫ్రెంచివారు మద్రాసును పట్టుకుని మూడేళ్ళు ఉంచుకున్నారు. 1758 డిసెంబరులో ఫ్రెంచి సేనాని లాలీ మళ్ళీ వచ్చి రెండు నెలలకు పైగా ముట్టడించాడు. ఆ దెబ్బల కాలంలోనూ, ఆ తర్వాతా కోటకు పడమట పక్కన పారే ఏటిని మళ్ళించి, కోటను ఆ దిక్కుకు పెంచి కట్టారు. మీరు చూసిన గోడలు చాలావరకు ఆ పనిలోవే, అంటే 18వ శతాబ్దం రెండో సగానివి. గోల్కొండ గోడల్లాగా అవి నిటారుగా లేచి ఉండకపోవడానికి కారణం ఫిరంగి. ఎత్తయిన గోడ గుండుకు సులువుగా దొరుకుతుంది కాబట్టి గోడను పొట్టిగా, మందంగా, ఏటవాలుగా కట్టి, ముందు కందకం తవ్వారు.

జవాబు 2:

కోటలో నిలిచి ఉన్నవాటిలో అన్నిటికన్నా పాతది సెయింట్ మేరీస్ చర్చి. 1678లో మొదలుపెట్టి 1680 అక్టోబరులో ప్రతిష్ఠ చేశారు. లోపలికి వెళ్ళి ఒక కిటికీ దగ్గర నిలబడి చూడండి, గోడ మందం నాలుగు అడుగులు ఉంటుంది. పైన దూలాలూ వాసాలూ లేవు. పడిన గుండు జారిపోయేలా ఇటుకతో కమాను కట్టారు. ముట్టడి రోజుల్లో అది ప్రాణాలు దాచుకునే చోటు కూడా అయింది. శిఖరం మాత్రం తర్వాత చేర్చినది. 1753లో రాబర్ట్ క్లైవ్ పెళ్ళి జరిగింది ఈ చర్చిలోనే.

సచివాలయ భవనం దగ్గరి నల్లరాతి స్తంభాలను మీరు గమనించారో లేదో. పల్లావరం కొండరాయితో చెక్కిన ఆ స్తంభాలు ఒకప్పుడు సముద్రద్వారం వైపు నీడనిచ్చే మండపంగా ఉండేవి. ఫ్రెంచివారు వాటిని విజయచిహ్నంగా పుదుచ్చేరికి తరలించుకుపోయారు. 1761లో పుదుచ్చేరి చేజిక్కాక ఆంగ్లేయులు వెనక్కు తెచ్చుకున్నారు. చేత్తో తడిమితే అద్దం మీద వేలు జారినట్టే ఉంటుంది. ఆ కాలపు మద్రాసు గోడల నునుపుకు కూడా ఇలాంటి పేరే ఉండేది. గవ్వల సున్నంలో కోడిగుడ్డు తెల్లసొన కలిపి, తడి ఆరేలోగా రుద్ది రుద్ది పాలరాయిలా మెరిసేటట్టు చేసేవారు.

మ్యూజియం ఉన్న భవనం 1795 నాటిది. అప్పట్లో అది వర్తకులు కలుసుకునే ఎక్స్ఛేంజి. 1796 నుంచి దాని మేడ మీదే మద్రాసు తొలి దీపస్తంభం వెలిగింది. ఓడరేవు కట్టాక ఇసుక మేటలు వేసి సముద్రం దూరం జరిగింది గానీ, అంతకుముందు అలలు కోటకు బాగా దగ్గరగా వచ్చేవి. పదంతస్తుల నామక్కల్ కవిజ్ఞర్ మాళిగై స్వాతంత్ర్యం తర్వాతది. నా దృష్టిలో అది పాత భవనాల వరసను చాలా దెబ్బతీసింది.

జవాబు 3:

మీ తాతగారు విన్న చర్చ కోటలో జరగలేదండీ. 1946 నుంచి 1952 దాకా సభ కోటలోనే కూర్చుంది కాబట్టి, టంగుటూరి ప్రకాశం పంతులుగారు ముఖ్యమంత్రిగా ఉన్న 1946-47లో తెలుగు సభ్యులు అక్కడే మాట్లాడారు. అయితే 1952 ఎన్నికల తర్వాత సభ్యుల సంఖ్య 375కు పెరగడంతో ఆ మందిరం చాలలేదు. వాలాజా రోడ్డులోని గవర్నమెంటు ఎస్టేటులో కొత్తగా కట్టిన భవనానికి సభను మార్చారు. 1956 చివరిదాకా అక్కడే సాగింది. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడి 140 మంది సభ్యులు కర్నూలు సభకు వెళ్ళిపోయారు. మిగిలిన సభ 1957లో కోటకు తిరిగి చేరింది. ఎస్టేటులోని ఆ భవనమే తర్వాత కలైవాణర్ అరంగం అనే సభాశాల అయింది. పాత కట్టడాన్ని కూల్చి ఆ చోటనే కొత్తది కట్టారు.

ప్రశ్న అడిగినవారు:

అందరికీ కృతజ్ఞతలు. తాతగారు కూర్చున్న భవనమే ఇప్పుడు లేదని తెలిసి మనసు చివుక్కుమంది. అయినా ఈసారి చెన్నై వెళ్ళినప్పుడు వాలాజా రోడ్డులో ఆ చోటును చూసి, తర్వాత చర్చి కిటికీ దగ్గర తీరిగ్గా నిలబడతాను.