అప్‌డేట్: టాయిలెట్ జామ్ వదిలింది!

ఫ్లష్ చేస్తే నీళ్లు అంచుదాకా వస్తున్నాయి, ప్లంజర్ (అడ్డు తీసే రబ్బరు కప్పున్న కర్ర) లేదు, ఏం చేయాలని మొన్న అడిగాను కదా. వదిలిపోయింది! వంటసోడా, వెనిగర్ వేస్తే నురగ వచ్చింది గానీ అడ్డు కదల్లేదు.

తర్వాత మగ్గుతో కొంత నీరు తోడేసి, గిన్నెలు తోమే లిక్విడ్ అర కప్పు పోసి అరగంట ఆగాను. ఆపైన బకెట్ వేడినీళ్లు నడుము ఎత్తు నుంచి గుమ్మరించాను. మరిగే నీళ్లు మాత్రం వద్దు, పింగాణీ పగలొచ్చు. స్నానపు వేడి చాలు. మొదటిసారి మట్టం కొంచెమే దిగింది. రెండోసారికి గుడగుడమని మొత్తం లాగేసింది. ఎంత హాయిగా అనిపించిందో!

యాసిడ్ పోయమన్నవాళ్ల మాట వినలేదు. టాయిలెట్‌లో బ్లీచ్ ఏమాత్రం ఉన్నా, రెండూ కలిస్తే విషపూరితమైన క్లోరిన్ వాయువు వస్తుంది. దయచేసి ఎవరూ ఆ పని చేయకండి.

సలహా ఇచ్చిన అందరికీ థ్యాంక్స్ అండి.