అప్‌డేట్: కొండ మీద కాలం, లోయలో కాలం

పోయిన నెల నా కథాలోకం గురించి అడిగాను, గుర్తుందా? అక్కడ కాలం నీళ్లలా పల్లానికి పారి లోయలో చిక్కబడుతుంది. అందుకే కొండ మీద రెండు రోజులు గడిస్తే లోయలో ఒక్క రోజే. ఇది ఎక్కడ బెడిసికొడుతుందని అడిగాను.

పాటలో బెడిసికొట్టింది! మైలాపూర్‌లో వయొలిన్ నేర్పే మా పిన్నికి చెప్తే, "అయితే పైన మంద్ర షడ్జమం పాడితే కింద మధ్య షడ్జమం వినపడాలి కదరా" అంది. నిజమే. పైన రెండు సెకన్లలో పుట్టిన కంపనాలు కింద ఒక్క సెకనులోనే వచ్చిపడతాయి. సెకనుకి కంపనాలు రెట్టింపైతే స్థాయే మారిపోతుంది: మంద్ర (తక్కువ) స్థాయి 'స' కాస్తా దాని పైనున్న మధ్య స్థాయి 'స' అయిపోతుంది. వెలుగుదీ అదే గొడవ. పైనుంచి వచ్చే ఎర్రటి కాంతి కిందికి చేరేసరికి అతినీలలోహితమై కంటికే ఆనదు. తల పట్టుకున్నాను.

ఎత్తులో గడియారం వేగంగా నడవడం మన లోకంలోనూ ఉన్నదేనని మీలో ఒకరు రాశారు. జీపీఎస్ ఉపగ్రహాల గడియారాలు, వాటి వేగం వల్ల తగ్గేది పోగా, రోజుకి సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకెళ్తాయి. అంత చిన్న తేడా కథకి చాలదు గానీ, నేను పెట్టిన రెట్టింపు తేడా మరీ అత్యాశ. ఇప్పుడు కొండ మీద 8 రోజులకి లోయలో 7. పాట ఒక స్వరం పైచిలుకు పెరుగుతుంది, ఎర్ర దీపం పసుపు వైపు జరుగుతుంది. లోయవాళ్లు దీపం రంగు చూసే అది ఎంత ఎత్తులో వెలుగుతోందో చెప్పేస్తారు!

వడ్డీ సంగతే ఇంకా తేలలేదు. కొండ మీద తీసుకున్న అప్పు లోయలో కడితే ఎవరి రోజులు లెక్క? "ఇచ్చినవాడివే" అంటోంది పిన్ని.