ఆలుగడ్డ గ్రాటిన్‌లో మైదా సాస్ ఉండాలా, అక్కర్లేదా?

మారేడ్‌పల్లి వంటిల్లు:

పోయిన ఆదివారం మా చుట్టాలింట్లో పుట్టినరోజు విందు. రోస్ట్ చికెన్ పక్కన ఆలుగడ్డ గ్రాటిన్ పెట్టారు. తెలియనివాళ్ళ కోసం చెప్తున్నాను, పల్చటి ఆలుగడ్డ చక్రాలను పాలు, క్రీంలో ముంచి, పైన చీజ్ చల్లి, ఓవెన్‌లో ఎర్రగా కాల్చే వంటకం అది. మా అబ్బాయికి సీలియాక్ ఉంది, గోధుమ అసలు పడదు. అందుకే వడ్డించే అతన్ని ముందే అడిగాను. "ఆలు, చీజ్ అంతే మేడం" అన్నాడు. రాత్రికి వాడు కడుపు పట్టుకుని మెలికలు తిరిగిపోయాడు. తెల్లారి ఫోన్ చేస్తే అప్పుడు తెలిసింది, వైట్ సాస్‌లో మైదా వేశారట.

ఆ కుర్రాడి మీద నాకు కోపం లేదు, అతనికి నిజంగా తెలియదు. కానీ ఈ ఊళ్ళో నేను తిన్న ప్రతి గ్రాటిన్‌లోనూ మైదా సాసే. అదెందుకు కావాలో నాకు అర్థం కాదు. ఈ వంటకం ఫ్రాన్స్‌లోనే ఆగ్నేయాన ఉన్న దోఫినే ప్రాంతానిది. 1788 జులై 12న గాప్ అనే ఊళ్ళో అధికారులకిచ్చిన విందులో వడ్డించినట్టు రాతలో ఉంది. అక్కడి పాతకాలపు పద్ధతిలో పచ్చి ఆలుగడ్డ, పాలు, క్రీం, వెల్లుల్లి, కాస్త జాజికాయ ఉంటాయి. మైదా లేదు. చీజ్ కూడా వేయకూడదని పట్టుబట్టేవాళ్ళు ఉన్నారు. ఆలుగడ్డ కోసినప్పుడు కత్తికి తెల్లగా అంటుకునే గంజే పాలను చిక్కబరుస్తుంది.

నేను చేసే పద్ధతి ఇది. కిలో ఆలుగడ్డలు కడిగి, చెక్కు తీసి, చిప్స్ కట్టర్‌తో 3 మిల్లీమీటర్ల చక్రాలు కోస్తాను. కోశాక మాత్రం చచ్చినా కడగను, కడిగితే ఆ గంజి సింక్‌లోకి పోతుంది. అర లీటరు ఫుల్ క్రీం పాలు, 250 మిల్లీలీటర్ల ప్యాకెట్ క్రీం, దంచిన వెల్లుల్లి మూడు రెబ్బలు, మిరియాల పొడి, జాజికాయ, చెంచా ఉప్పు మందపాటి గిన్నెలో వేసి, చక్రాలు కూడా అందులోనే వేసి సన్నని మంట మీద పది నిమిషాలు ఉడికిస్తాను. గరిటె మెల్లగా తిప్పాలి, చక్రాలు విరగకూడదు. పాలు గరిటెకు అంటుకునేంత చిక్కబడగానే వెన్న రాసిన గాజు గిన్నెలోకి మార్చి, 180 డిగ్రీల్లో నలభై నిమిషాలు. చీజ్ చివరి పావుగంటలో పైన చల్లుతాను. బయటికి తీశాక పావుగంట ముట్టుకోకుండా వదిలేయాలి, అప్పుడే గట్టిపడి ముక్కగా లేస్తుంది.

మైదా కావాలనేవాళ్ళు ఎందుకు కావాలో చెప్పండి. నిజంగానే తెలుసుకోవాలని ఉంది.

కూకట్‌పల్లి కేటరింగ్:

అక్కా, ముందు బాబు ఎలా ఉన్నాడో చెప్పండి. అడిగినప్పుడు ఏముందో తెలుసుకుని చెప్పడం మా పని. తెలియకపోతే "తెలియదు, కనుక్కుని వస్తాను" అనాలి. అది తప్పే.

ఇక మైదా సంగతి. మీ పద్ధతి ఇంట్లో ఆరుగురికి బాగుంటుంది. నేను నలభై మందికి చేస్తాను. వంట అయ్యాక వ్యాన్‌లో పోవాలి, అక్కడ చేఫింగ్ డిష్‌లో కింద మంటతో రెండు గంటలు ఉండాలి. ఒట్టి పాలు, క్రీం అంతసేపు ఆగవు. అంచుల్లో నూనె తేలుతుంది, మధ్యలో పాలు పలుకులు పలుకులుగా విరుగుతాయి. వెన్నలో మైదా వేయించి పాలు పోసి చేసిన సాస్‌లో పాల మాంసకృత్తులు ఒకదానికొకటి అంటుకుని గడ్డ కట్టకుండా ఆ పిండి అడ్డుపడుతుంది. దాన్ని రెండోసారి వేడి చేసినా విరగదు. పైగా ఇక్కడ మామూలుగా దొరికే ప్యాకెట్ క్రీంలో కొవ్వు 25 శాతమే. విదేశాల్లో వాడే చిక్కటి క్రీంలో 35 శాతం పైనే ఉంటుంది, అది ఎంత మరిగినా తట్టుకుంటుంది. వాళ్ళకు మైదా అవసరం రాలేదంటే మనకూ రాదని కాదు కదా.

నిజాంపేట్ కొత్త కాపురం:

ఇంత చర్చ ఎందుకండీ? ఆలుగడ్డలు కుక్కర్‌లో రెండు విజిల్స్ పెట్టి, కోసి, క్రీం, చీజ్ వేసి కాలిస్తే పావుగంటలో అయిపోతుంది. పచ్చివి పెడితే నా ఓటీజీలో (బల్ల మీద పెట్టుకునే చిన్న కరెంటు ఓవెన్‌లో) గంటన్నరైనా గట్టిగానే ఉన్నాయి. విందు రోజు ఆ టెన్షన్ ఎవరు పడతారు?

మారేడ్‌పల్లి వంటిల్లు:

బాబు ఇప్పుడు బాగున్నాడు తమ్ముడూ, అడిగినందుకు చాలా సంతోషం.

కొత్త కాపురం అమ్మాయీ, అలా ఎందుకు అయిందో చెప్తాను, నాకూ రెండుసార్లు అయింది. ఫ్రిజ్‌లోంచి తీసిన చల్లటి పాలు, పచ్చి చక్రాలు నేరుగా చిన్న ఓటీజీలో పెడితే లోపలిదాకా వేడెక్కడానికి చాలాసేపు పడుతుంది. ఆలుగడ్డ 55, 60 డిగ్రీల దగ్గర ఎక్కువసేపు ఉండిపోతే దాని కణాలను పట్టి ఉంచే పెక్టిన్ గట్టిపడుతుంది. ఆ తర్వాత ఎంత కాల్చినా పూర్తిగా మెత్తబడదు. అందుకే పొయ్యి మీద ముందు పాలల్లోనే ఉడికించమంటున్నాను, ఆ దశ తొందరగా దాటిపోతుంది. కుక్కర్‌లో పెడితే మెత్తబడుతుంది నిజమే, కానీ గంజి గడ్డ లోపలే ఉడికిపోతుంది, పాలను చిక్కబరచడానికి పెద్దగా బయటికి రాదు. ఉడికిన గడ్డను పల్చగా కోయబోతే ముద్దవుతుంది. అప్పుడది చీజ్ వేసిన ఆలుగడ్డ ముద్దే కానీ పొరలు పొరలుగా ఉండే గ్రాటిన్ కాదు.

బోయినపల్లి మార్కెట్ పక్కింటివాణ్ణి:

మైదా, క్రీం అని ఇంతసేపు మాట్లాడారు, ఏ గడ్డ అని ఒక్కరూ అడగలేదు. మా నాన్న ముప్ఫై ఏళ్ళు ఆలుగడ్డ వ్యాపారం చేశారు, అందుకే రాస్తున్నాను.

మన ఊరికి ఎక్కువగా వచ్చేది ఆగ్రా వైపు సరుకు. అక్కడ చలికాలం చివర తవ్వి కోల్డ్ స్టోరేజీలో పెడతారు, నెలల తరబడి అందులోంచే వస్తుంది. రెండు, నాలుగు డిగ్రీల చలిలో ఉన్న గడ్డలో పిండి మెల్లగా చక్కెరగా మారుతుంది. అలాంటి గడ్డ తియ్యగా ఉంటుంది, పైభాగం తొందరగా నల్లబడుతుంది, గంజి తక్కువ వదులుతుంది. చలికాలంలో జహీరాబాద్ వైపు నుంచి వచ్చే కొత్త గడ్డకు పొట్టు గోటితో లేస్తుంది, నీరు ఎక్కువ, పిండి తక్కువ. అది కూరకు చాలా బాగుంటుంది. గ్రాటిన్‌కి పిండి ఎక్కువున్న గడ్డ కావాలి. చిప్స్ కోసం పెంచే కుఫ్రీ చిప్సోనా దొరికితే వదలకండి. బజార్లో "షుగర్ ఫ్రీ ఆలు" అని అమ్మేది కూడా పనికొస్తుంది. అందులో అసలు చక్కెర ఉండదని కాదు, దాన్ని అంత చలిలో పెట్టరు, పది డిగ్రీల పైన ఉంచుతారు కాబట్టి తియ్యబడదు.

ఇంట్లో పరీక్ష కూడా ఉంది. పదకొండు కప్పుల నీళ్ళలో ఒక కప్పు ఉప్పు కరిగించి గడ్డ వేయండి. మునిగితే పిండి గడ్డ, తేలితే నీటి గడ్డ. మునిగిన గడ్డ అయితే మారేడ్‌పల్లి గారి మాటే నిజం, మైదా అక్కర్లేదు. తేలిన గడ్డతో మాత్రం ఎంత కడగకుండా వేసినా పాలు పల్చగానే ఉంటాయి. మీ ఇద్దరూ వేర్వేరు గడ్డలతో చేసి వాదించుకుంటున్నారేమో చూడండి.

మలక్‌పేట అత్తమ్మ:

ప్యాకెట్ క్రీం ఎందుకమ్మా, ఇంట్లో గేదె పాల మీగడ ఉండగా? ఖుబానీ కా మీఠా మీద వేసుకునే మలై అంత చిక్కగా ఉంటుంది. కానీ నేను ఒక పొరపాటు చేశాను, మీరు చేయకండి. నెయ్యి కాచడానికని పది రోజులు ఫ్రిజ్‌లో పోగు చేసిన మీగడ వేశాను. మొత్తం విరిగిపోయింది. అంత మంచి మీగడ పాడైందని ఆ రోజంతా మనసు మనసులో లేదు. తర్వాత మా వదిన చెప్పింది, పోగు చేసిన మీగడ లోలోపల పులుస్తుంది, పులుపు తగిలితే పాలు విరగక ఏమవుతాయి అని. ఈసారి ఆ పూట తీసిన మీగడనే కాసిని పాలతో మిక్సీలో ఒక్కసారి తిప్పి వేశాను, తరకలు లేకుండా. చక్కగా వచ్చింది. మైదా వేయలేదు.

ఉప్పల్ చీజ్ పిచ్చి:

చీజ్ గురించి నాదొక మాట. మనవాళ్ళు చీజ్‌ని "జున్ను" అని రాస్తుంటే బాధగా ఉంటుంది. జున్ను అంటే ఈనిన ఆవు జున్నుపాలతో చేసేది, దాని రుచే వేరు. చీజ్‌ని చీజ్ అనే రాద్దాం.

క్యూబ్స్‌గా వచ్చే ప్రాసెస్డ్ చీజ్‌లో కొవ్వు, నీరు విడిపోకుండా పట్టి ఉంచే లవణాలు కలుపుతారు. అందుకే అది నూనె కక్కకుండా కరుగుతుంది. కానీ పైన వేస్తే తోలులా చర్మం కడుతుంది, ఎర్రబడదు. మోజరెల్లా చుక్కలు చుక్కలుగా బాగా ఎర్రబడుతుంది, రుచి మాత్రం చప్పన. నేను 25 గ్రాముల క్యూబ్స్ రెండు తురిమి చక్రాల మధ్య వేసి, పైన మోజరెల్లా వేస్తాను. పాలు విరిగే బెడద కూడా తగ్గింది, బహుశా ఆ లవణాల వల్లే. క్యూబ్స్‌లో ఉప్పు ఎక్కువ కాబట్టి చెంచా ఉప్పు చాలా ఎక్కువవుతుంది, సగం చాలు. శాకాహారులు అసలైన పార్మిజాన్, గ్రుయేర్ చీజ్‌లు వేసే ముందు చూసుకోండి. వాటిని దూడ పొట్టలోంచి తీసే, పాలను గడ్డకట్టించే రెనెట్‌తో చేస్తారు. ఆకుపచ్చ చుక్క ఉన్న చీజ్ కొనుక్కుంటే ఆ ఇబ్బంది లేదు.

అసలు ఫ్రెంచి పద్ధతి ఒక్కటే అనుకోవడం కూడా సరికాదు. పక్కనే ఉన్న సవోయ్ ప్రాంతం వాళ్ళు క్రీం బదులు మాంసం ఉడికించిన రసం పోసి, బోఫోర్ చీజ్ వేస్తారు. ఎవరి ఊళ్ళో దొరికింది వాళ్ళు వేసుకున్నారు.

కూకట్‌పల్లి కేటరింగ్:

రెండు రోజుల తర్వాత వస్తున్నాను, ఈలోపు చేసి చూశాను. చిప్సోనా గడ్డ తెప్పించి ఒక ట్రే మారేడ్‌పల్లి అక్క పద్ధతిలో, ఇంకోటి నా మైదా సాస్‌తో. ఓవెన్‌లోంచి తీయగానే మా వంటవాళ్ళు నలుగురూ అక్క ట్రే దగ్గరే చేరారు. ఆలుగడ్డ రుచి తెలుస్తోందన్నారు. నేనూ ఒప్పుకుంటున్నాను, నా సాస్ ఆ రుచిని కప్పేస్తోంది.

రెండింటినీ చేఫింగ్ డిష్‌లో పెట్టాను. గంట దాకా రెండూ బాగున్నాయి. గంటన్నరకు అక్క ట్రే అంచుల్లో నూనె తేలింది. నా ట్రే చెక్కుచెదరలేదు. కాబట్టి బఫేకి పిండి కలిపిన సాస్ వదలను, అక్కడ నా మాట మీదే ఉంటాను. కానీ ఆ పిండి మైదానే ఎందుకవ్వాలని రాత్రంతా ఆలోచించాను. మైదా బదులు బియ్యప్పిండి వేసినా సాస్ నిలబడాలి. ఈ శనివారం ఆర్డర్‌కి అలాగే చేస్తున్నాను. ట్రే ముందు ఏమేం వేశామో తెలుగులో రాసి పెడతాను. గిర్నీ మా వీధిలోనే ఉంది, పిండి రేపే పట్టిస్తాను.

మారేడ్‌పల్లి వంటిల్లు:

ఆగు తమ్ముడూ, గిర్నీకి వెళ్ళొద్దు. అదే రాళ్ళ మధ్య మీ ముందువాళ్ళు గోధుమలు పట్టించి ఉంటారు. ఆ రాళ్ళకు అంటుకున్నది మీ బియ్యప్పిండిలోకి వస్తుంది, ఆ కాస్త చాలు మావాడికి. వాడికి సీలియాక్ అని తెలిసిన మొదటి ఏడాది నేను ఇలాంటివే చాలా ఆలస్యంగా నేర్చుకున్నాను. పులిహోరలో వేసే ఇంగువ డబ్బా మీద చదివితే అందులోనూ మైదా ఉంది.

కూకట్‌పల్లి కేటరింగ్:

ఇది నాకు తట్టనే లేదు అక్కా. అయితే బియ్యం కడిగి, నానబెట్టి, బట్ట మీద ఆరబోసి ఇక్కడే కొత్త మిక్సీ జార్‌లో పట్టి జల్లిస్తాను. దానికి గరిటె, జల్లెడ, ట్రే అన్నీ వేరే ఉంచుతాను. బ్రెడ్ పొడి ఆ బల్ల దగ్గరికి కూడా రానివ్వను. ఇంకేమైనా మర్చిపోతున్నానా?

మారేడ్‌పల్లి వంటిల్లు:

వడ్డించే గరిటె. పక్కనున్న పాస్తాలో పెట్టి ఇందులో పెడతారు.