సమస్యాపూరణం: "నిడివి పెరుగ సినిమ నిడివి తగ్గె"

మారతహళ్ళి మాస్టారు: ఈ వారం సమస్య ఆటవెలది నాలుగో పాదం:

నిడివి పెరుగ సినిమ నిడివి తగ్గె

విషయం సూపర్‌హీరో సినిమా, దర్శకుడి పూర్తి వెర్షన్. "సినిమా"లో దీర్ఘం ఏమైందని అడగబోయేవాళ్ళకు ముందే చెబుతున్నా, గణం కోసం ఎడిటర్ కత్తిరించాడు.

వైట్‌ఫీల్డ్ వెంగళప్ప: 2016 నాటి 'బ్యాట్‌మ్యాన్ వర్సెస్ సూపర్‌మ్యాన్' మీద మాస్టారూ. థియేటర్లో 151 నిమిషాలు, అల్టిమేట్ ఎడిషన్ మూడు గంటల పైచిలుకు.

ఎవరు కాల్చిరన్న వివరమ్ము తెలియక
తలను గోకుకొంటి తడవతడవ
అర్ధగంట కలుప నర్థమయ్యెను గుట్టు
నిడివి పెరుగ సినిమ నిడివి తగ్గె

మాస్టారు: గణాలు సరిపోయాయి. మొదటి పాదంలో ప్రాసయతి బాగుంది. "కాల్చు"లో శ్లేష కూడా పడింది, అనుకుని వేశారో లేదో! ఆఫ్రికా ఊళ్ళో కిరాయి సైనికులు తుపాకులతో కాల్చడం థియేటర్లోనే చూశాం. పొడవు వెర్షన్‌లో వాళ్ళు శవాలనూ కాల్చేస్తారు, అది సూపర్‌మ్యాన్ కంటిమంటలా కనబడాలని. తనచేత అబద్ధం చెప్పించారని సాక్షి ఒప్పుకోవడమూ అందులోనే ఉంది. అంటే మీరు తల గోక్కున్నది కాల్చిందెవరో తెలియక కాదు, నేరం అతని నెత్తిన ఎందుకు పడిందో తెలియక. మొదటి పాదం ఇలా మారిస్తే?

నింద యేల వచ్చె నిర్దోషికని యెంచి

శ్లేష పోతుంది, ఏం చేస్తాం.

వెంగళప్ప: అది నాకు తెలియకుండా పడిందే, పోతే పోనివ్వండి.

జయనగర్ సరస: నాది 'జస్టిస్ లీగ్'. 2017లో రెండు గంటలు, 2021లో దర్శకుడు జాక్ స్నైడర్ వెర్షన్ 242 నిమిషాలు. అందులో ఒళ్ళు చాలావరకు యంత్రమైపోయిన కుర్రాడు సైబోర్గ్ కోసం రాశాను.

ఇనుపమేని వానికెద యున్నదని చూపె
తండ్రికొడుకు నడుమ తగవు తెలిపె
రెండు రెట్ల పొడవు రెప్పపాటుగ దోచె
నిడివి పెరుగ సినిమ నిడివి తగ్గె

మాస్టారు: సరసగారూ, మొదటి రెండు పాదాలకు దండం. థియేటర్ వెర్షన్‌లో ఆ కుర్రాడు కంప్యూటర్ రిపేరుకు పిలిస్తే వచ్చినట్టుంటాడు. పెద్దదాంట్లో తండ్రి రాని ఫుట్‌బాల్ ఆట ఉంది, తల్లి పోయిన ప్రమాదం ఉంది, విలన్ ఎత్తుకెళ్ళే మహిమల పెట్టె జాడ కొడుక్కి తెలియాలని తండ్రి ప్రాణం వదలడమూ ఉంది. అక్కడ గొంతు పట్టేసింది. పేచీ మూడో పాదంతోనే. సమస్య చెప్పాల్సింది అదే చెప్పేసింది, ఇక నాలుగోది పునరుక్తి.

వెంగళప్ప: పైగా ఆ స్లోమోషన్లకు నా రెప్ప పడి మళ్ళీ లేవలేదక్కా.

సిల్క్‌బోర్డ్ బాటసారి: నేనూ అదే చూశాను, మన బెంగళూరు సిల్క్‌బోర్డ్ కూడలి ట్రాఫిక్‌లో, బస్సులో, ఫోన్లో.

సిల్కుబోర్డు దాటి చేరేసరికి యిల్లు
నాల్గు గంటలాట నడచి ముగిసె
రద్దికన్న తెరయె రయముగా గదలంగ
నిడివి పెరుగ సినిమ నిడివి తగ్గె

సరస: మొత్తానికి ఆ స్లోమోషన్‌ను కూడా వేగం అనిపించిన ఊరు మనది!

మాస్టారు: ఇది సినిమా మీద పద్యమా, రోడ్డు మీదా? అయినా నవ్వించారు. సి–చే యతి చక్కగా కుదిరింది. కానీ "రద్దీ"లో దీర్ఘం మింగేశారు.

బాటసారి: మీరు "సినిమా"లో మింగలేదా మాస్టారూ?