ప్రొద్దుటూరు శాంతకుమారి: అమ్మ వేషాలతో ఆమెకు అన్యాయం జరిగిందా?

పెన్నా గట్టు:
మన ప్రొద్దుటూరులో 1920లో పుట్టిన వెల్లాల సుబ్బమ్మే సినిమాల్లో శాంతకుమారి. 1936లో ‘శశిరేఖా పరిణయం’తో హీరోయిన్‌గా వచ్చిన మనిషిని ముప్పై ఏళ్లకే తల్లిని చేసేశారు. ‘షావుకారు’ (1950)లో ఎన్టీఆర్‌కి అమ్మ. ఆయన పుట్టింది 1923లో, అంటే ఆమెకన్నా మూడేళ్లే చిన్న! ఏఎన్నార్ నాలుగేళ్లు చిన్న, ‘ప్రేమనగర్’ (1971)లో ఆయనకూ అమ్మే. హీరోలు మాత్రం యాభై దాటినా కాలేజీ కుర్రాళ్లే. నా దృష్టిలో ఇది ముమ్మాటికీ అన్యాయం. మీరేమంటారు?

మైదుకూరు రోడ్డు:
అన్నా, వయసు లెక్కలో నీతో పేచీ లేదు. కానీ అమ్మ వేషం అనగానే కళ్లు తుడుచుకుంటూ మూల నిలబడే పాత్ర అనుకుంటే ఆమెను మనమే తక్కువ చేసినట్టు. ‘అర్ధాంగి’ (1955) ఒక్కసారి చూడు. జమీందారు రెండో భార్య రాజేశ్వరిగా, సవతి కొడుకుని మనిషిగానే లెక్కచేయకుండా, సొంత కొడుకు ఎంత చెడిపోయినా వెనకేసుకొచ్చే తల్లిగా చేసింది, ఎదురుగా సావిత్రి లాంటి నటి ఉన్నా సినిమాలో ఆమె బరువు తగ్గలేదు. అరవడాలు పెద్దగా ఉండవు, ఇల్లంతా తన మాట మీదే నడవాలన్న ధీమా ఆ నిలబడే తీరులోనే తెలిసిపోతుంది. హీరోయిన్‌గానే ఉండిపోయి ఉంటే ఇలాంటి పాత్ర దొరికేదా?

కందనవోలు:
అది ఆమె భర్త పి.పుల్లయ్య గారి సినిమా కదా అక్కా. ఇంట్లో డైరెక్టర్ ఉన్నాడు కాబట్టి అలాంటిది దక్కింది. బయటివాళ్లు ఎంతమంది ఇచ్చారు? సూర్యకాంతానికైతే ‘గుండమ్మ కథ’ అని ఆమె పాత్ర పేరే సినిమాకి పెట్టారు.

పెన్నా గట్టు:
సరిగ్గా చెప్పావు తమ్ముడూ. ఇంకోటి చూడండి. పుల్లయ్య గారు వేంకటేశ్వరుని కథ రెండుసార్లు తీశారు. 1939లో ఆమె పద్మావతి, 1960లో వకుళమాత. పద్మావతి వేషం సావిత్రికి వెళ్లింది. ఇంట్లో డైరెక్టర్ ఉన్నా జరిగింది ఇదే!

మైదుకూరు రోడ్డు:
ఆ వకుళమాతే నా వాదనకు అసలు ఆధారం అన్నా. ఈ రోజు ఆ సినిమా అనగానే మన ఇళ్లలో ముందు గుర్తొచ్చేది పెండ్యాల గారి సంగీతంలో ఆమె సొంత గొంతుతో పాడుకున్న ‘ఎన్నాళ్ళని నా కన్నులు కాయగ’. కర్ణాటక సంగీతం పద్ధతిగా నేర్చుకున్న మనిషి, కావాలంటే ఒకే పంక్తిని రకరకాలుగా మార్చి పాడే సంగతులు ఎన్నైనా వేయగలదు, అయినా అక్కడ విద్వత్తు చూపించాలని పోలేదు. కొడుకు కోసం ఎదురుచూసే తల్లి ఎంత అడగగలదో అంతే అడిగింది. నటన ఒకరిది, గొంతు ఇంకొకరిది అయ్యుంటే ఆ పాట అలా వచ్చేది కాదు. నలభై ఏళ్ల వయసులో, అమ్మ వేషంలో చేసిన పని ఇది. దీన్ని నష్టం ఖాతాలో ఎలా వేస్తాం?

పెన్నా గట్టు:
పాట గురించి నువ్వన్నది అక్షరాలా నిజం. నేనడిగేది కూడా అదే, అలాంటి గొంతు ఉన్న మనిషి చేత ఆ తర్వాత ఎన్ని పాటలు పాడించారు? రఘుపతి వెంకయ్య అవార్డు వచ్చింది, సంతోషమే. మన ఊళ్లో మాత్రం ఇప్పటి పిల్లలకు ఆమె ఇక్కడి మనిషని తెలియదు. దసరాకి అంత ఘనంగా ఖర్చుపెట్టే ఊరు కదా, ఈసారి ఒక సాయంత్రం ఆమె పాటలకూ ‘అర్ధాంగి’కీ ఇవ్వమని కమిటీవాళ్లను అడుగుదాం. ప్రొద్దుటూరులో ఉన్నవాళ్లు ఎవరు వస్తారో ఇక్కడే చెప్పండి.